టోకు కొనుగోళ్లపై అమ్మకం పన్ను

తిరిగి అమ్ముకోవడానికి చిల్లర వ్యాపారి టోకు వ్యాపారి దగ్గర సరుకు కొన్నప్పుడు దాని మీద పన్ను పడుతుందా, పడితే ఎవరు కట్టాలి, కట్టింది ఎలా రాబట్టుకోవాలి అన్నవి అమ్మకం పన్ను చట్టాల్లో అన్నిటికన్నా ఎక్కువ తగాదాలు రేపిన ప్రశ్నలు. ఈ పన్నును చివరికి మోయవలసింది వస్తువును వాడుకునేవారు. దుకాణదారు వాడుకునేవాడు కాదు. అతని కొనుగోలు మీద ఒకసారి, అమ్మకం మీద మరోసారి వేస్తే ఒకే సబ్బుబిళ్ల రెండుసార్లు పన్ను కడుతుంది. కొనుగోలు మీద వేయకుండా వదిలేస్తే, ‘తిరిగి అమ్మడానికే’ అని చెప్పి తీసుకుపోయిన సరుకు నిజంగా దుకాణంలో అమ్ముడైందా, ఇంటికి చేరిందా, అసలు లెక్కల్లోకే రాకుండా పోయిందా అన్నది ప్రభుత్వానికి తెలియదు.

దీనికి ఇంతవరకు మూడు దారులు దొరికాయి. చేతులు మారిన ప్రతిసారీ కొద్దికొద్దిగా పన్ను వేయడం ఒకటి. మొదటి అమ్మకం దగ్గరో చివరి అమ్మకం దగ్గరో ఒక్కచోటే వేసి మిగిలినవాటిని వదిలేయడం రెండోది. అన్నిచోట్లా వేసి, కొన్నప్పుడు కట్టినదాన్ని అమ్మినప్పుడు కట్టవలసిన దాంట్లో తగ్గించుకోనివ్వడం మూడోది. కోస్తా, రాయలసీమ వ్యాపారులు 1939 నుంచి ఈ మూడింటినీ వరసగా చూశారు. ప్రతి మార్పులోనూ పన్ను రేటు కన్నా ముఖ్యంగా మారింది రుజువు చూపించే పని. ఆ పని మాత్రం పోయి పోయి చిల్లర దుకాణదారు నెత్తినే పడుతూ వచ్చింది.

మద్రాసు చట్టం, అర శాతం

సరుకుల అమ్మకంపై పన్ను వేసే అధికారం 1935 నాటి భారత ప్రభుత్వ చట్టంతో రాష్ట్రాలకు దక్కింది. 1938లో సెంట్రల్ ప్రావిన్సెస్ ప్రభుత్వం పెట్రోలు, కందెన నూనెల మీద పన్ను వేసింది. అన్నిరకాల సరుకులకూ వర్తించే సాధారణ అమ్మకం పన్ను తెచ్చిన ఘనత, లేదా అపఖ్యాతి, 1939లో మద్రాసు రాష్ట్రానిది. ఆ రాష్ట్రానికి అప్పటి ప్రధాని, అంటే నేటి లెక్కన ముఖ్యమంత్రి, చక్రవర్తి రాజగోపాలాచారి. 1937 అక్టోబరులో సేలం జిల్లాలో మొదలుపెట్టిన మద్యనిషేధం చిత్తూరు, కడప జిల్లాలకూ పాకేసరికి ఎక్సైజు రాబడికి గండి పడింది. ఆ గండి పూడ్చడానికి దొరికిన మట్టి ఈ పన్ను. కల్లు మానిపించిన ఖర్చు కందిపప్పు మీద పడిందన్నమాట.

ఏడాదికి పదివేల రూపాయల లోపు వ్యాపారం చేసే దుకాణాలకు పన్ను లేదు. ఇరవై వేల లోపైతే నెలకు 5 రూపాయలు. ఆపైన మొత్తం టర్నోవరు మీద అర శాతం. టోకు వ్యాపారి అమ్మితే అర శాతం, అదే సరుకును చిల్లర వ్యాపారి అమ్మితే మళ్లీ అర శాతం. కొనుగోలు మీద కట్టింది వెనక్కి రాదు, తగ్గింపూ లేదు. మిల్లు నుంచి గ్రామంలోని కొట్టు దాకా నాలుగు అమ్మకాలు జరిగితే మొత్తం రెండు శాతం పడుతుంది. రేటు చిన్నది కాబట్టి నొప్పి తెలిసేది కాదు. రుజువుల బెడదా తక్కువే. టర్నోవరు ఎంతో చూపిస్తే చాలు.

ఈ పద్ధతిలోని అన్యాయం దూరంలో ఉంది. మిల్లు దగ్గర నేరుగా కొనగల పట్నపు పెద్ద దుకాణం మీద రెండు పన్నులు పడితే, మధ్యలో ఇద్దరు ముగ్గురు చేతులు మారితే గాని సరుకు అందని పల్లెకొట్టు మీద నాలుగు పడేవి. చట్టం ఎవరినీ పేరుపెట్టి శిక్షించలేదు గాని, మారుమూల ఉండడమే తప్పయింది. తరువాతి కాలంలో రేట్లు పెరిగే కొద్దీ ఈ తేడా కొట్టొచ్చినట్టు కనబడసాగింది.

ఒక్కచోటే పన్ను

1941లో బెంగాల్ దీనికి పూర్తిగా ఎదురు దారి పట్టింది. నమోదైన వ్యాపారి తిరిగి అమ్మడానికి మరో నమోదైన వ్యాపారి దగ్గర కొంటే పన్ను లేదు. ఆ మేరకు డిక్లరేషను రాసి ఇవ్వాలి. పన్ను పడేది చివరగా, నమోదులేని వాడికీ వాడుకరికీ అమ్మినప్పుడు. సిద్ధాంతపరంగా ఇది శుభ్రమైన పద్ధతి. ఆచరణలో మాత్రం రాష్ట్రంలోని వేలాది చిన్న దుకాణాల గల్లాపెట్టెల మీద నిఘా పెడితే గాని పైసా రాదు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక తెలంగాణ ప్రాంతంలోని 1950 నాటి హైదరాబాదు చట్టం, ఆంధ్ర ప్రాంతంలోని మద్రాసు చట్టం స్థానంలో 1957లో ఆంధ్రప్రదేశ్ సాధారణ అమ్మకం పన్ను చట్టం వచ్చింది. పాతవారు ఇప్పటికీ ఏపీజీఎస్టీ అనేది దీన్నే. దీని షెడ్యూళ్లలో చాలా సరుకులకు రాష్ట్రంలో జరిగే మొదటి అమ్మకం దగ్గరే పన్ను పెట్టారు. తయారీదారో, పక్క రాష్ట్రం నుంచి సరుకు దింపిన టోకు వ్యాపారో కట్టేస్తే ఆ తరువాతి చేతులకు పన్ను లేదు. వసూలు సులువు: లక్ష కొట్ల వెంట పడే బదులు కొన్ని వేల పెద్ద వ్యాపారుల్ని చూసుకుంటే సరిపోతుంది.

చిల్లర వ్యాపారికి ఇది వరంలా కనిపించేది. తన టర్నోవరును ‘సెకండ్ సేల్స్’ కింద చూపించి పన్ను లేదనిపించుకునేవాడు. అయితే ఆ సరుకు మీద ఇదివరకే పన్ను పడిందని రుజువు చేసుకోవలసిన బాధ్యత అతనిదే. ఇక్కడే ‘బిల్ ట్రేడర్లు’ పుట్టుకొచ్చారు. దుకాణం లేకుండా, సరుకు లేకుండా, రిజిస్ట్రేషను నంబరూ రసీదు పుస్తకమూ మాత్రమే ఉన్న వ్యాపారులు వీళ్లు. బయటి నుంచి దొంగచాటుగా వచ్చిన సరుకుకు వాళ్ల బిల్లు తగిలిస్తే అది రెండో అమ్మకం అయిపోయేది. కొన్నాళ్లకు వాణిజ్య పన్నుల శాఖ ఆ నంబరును రద్దు చేసేది. అసెస్‌మెంటు దగ్గర నిలబడవలసి వచ్చేది మాత్రం ఆ బిల్లు మీద సరుకు కొన్న కొట్టువాడు. తెలిసి కొన్నాడో తెలియక కొన్నాడో తేల్చడం వాణిజ్య పన్నుల అధికారి (సీటీవో) దగ్గర ఎప్పుడూ తేలిక కాలేదు.

రాష్ట్రం దాటి కొనే సరుకుకు 1956 నాటి కేంద్ర అమ్మకం పన్ను చట్టం వర్తించేది. తిరిగి అమ్మడానికి కొంటున్నానని వ్యాపారి ‘సీ ఫారం’ ఇస్తే తక్కువ రేటు. ఇవ్వకపోతే అమ్మిన రాష్ట్రంలోని పూర్తి రేటు. ఈ తక్కువ రేటు మొదట ఒక శాతం. చాలాకాలం నాలుగు శాతం దగ్గర నిలబడి, 2007లో మూడుకు, 2008లో రెండుకు దిగింది. సూరత్‌లోనో ముంబయిలోనో సరుకు కొన్న బేగంబజారు వ్యాపారి సీ ఫారం పంపడం ఆలస్యమైతే అక్కడి టోకు వ్యాపారి తేడా పన్ను తన జేబులోంచి కట్టాలి. అందుకే ముందుగానే డిపాజిట్టు పట్టుకునేవారు. ఫారాలు వాణిజ్య పన్నుల కార్యాలయంలోనే దొరకాలి కాబట్టి అక్కడి గుమాస్తాకు ఎంత గిరాకీ ఉండేదో ఆనాటి అకౌంటెంట్లను అడిగితే చెబుతారు.

అమెరికాలో రీసేల్ సర్టిఫికెట్

బెంగాల్ ఎంచుకున్న దారిలోనే అమెరికా నేటికీ నడుస్తోంది. అక్కడ దేశమంతటికీ ఒకే అమ్మకం పన్ను లేదు. 45 రాష్ట్రాలు, రాజధాని జిల్లా వేసుకుంటున్నాయి. అలాస్కా, డెలావేర్, మోంటానా, న్యూహ్యాంప్‌షైర్, ఓరెగాన్ రాష్ట్రస్థాయిలో వేయవు. పన్ను పడేది చిల్లర అమ్మకం మీదే. టోకు వ్యాపారి దగ్గర కొనేటప్పుడు దుకాణదారు తన పర్మిట్ నంబరు రాసి రీసేల్ సర్టిఫికెట్ ఇస్తే పన్ను లేకుండా బిల్లు వేస్తారు. ఇవ్వకపోతే మామూలు కొనుగోలుదారులాగే పన్ను కట్టాలి.

డల్లాస్ పరిసరాల్లో తెలుగువారు నడిపే కిరాణా దుకాణాలను తీసుకుంటే టెక్సాస్ పన్ను 6.25 శాతం, స్థానిక పన్నులు కలిపి గరిష్ఠంగా 8.25 శాతం. బియ్యం, పప్పుల వంటి వంట సామగ్రి మీద అక్కడ పన్ను లేదు గనుక సర్టిఫికెట్ అవసరం ఎక్కువగా స్టీలు గిన్నెలు, ప్రెషర్ కుక్కర్లు, అగరుబత్తులు, సబ్బుల వంటి వాటికే. అలా కొన్న కుక్కర్లలో ఒకటి యజమాని ఇంటికి తీసుకువెళ్లి వాడుకుంటే దాని కొన్న ధర మీద తనే పన్ను లెక్కకట్టి చెల్లించాలి. దుకాణంలో వాడే రాక్‌లు, క్యాష్ రిజిస్టరు, నేల తుడిచే సామాను తిరిగి అమ్మేవి కావు కాబట్టి వాటికి ఈ సర్టిఫికెట్ చూపకూడదు. తెలిసి చూపిస్తే నేరం.

మన పద్ధతికీ దీనికీ అసలు తేడా తప్పు జరిగినప్పుడు తెలుస్తుంది. నిండుగా పూరించిన సర్టిఫికెట్‌ను మంచి నమ్మకంతో తీసుకుని దాచుకున్న టోకు వ్యాపారికి బాధ్యత తీరిపోతుంది. అబద్ధం చెప్పి కొన్నవాడిని రాష్ట్రం పట్టుకుంటుంది. అంటే అక్కడ అనుమానం కొనుగోలుదారు మాట మీద. మన దగ్గర ఇప్పుడున్న పద్ధతిలో అమ్మినవాడి తప్పుకు కొన్నవాడు జవాబు చెప్పుకోవాలి.

వ్యాట్: కట్టి తగ్గించుకోవడం

2005 ఏప్రిల్ 1న ఆంధ్రప్రదేశ్‌తో పాటు చాలా రాష్ట్రాలు విలువ ఆధారిత పన్నుకు, అంటే వ్యాట్‌కు మారాయి. మొదటి అమ్మకం దగ్గర ఆగిపోయే పన్ను ఇప్పుడు ప్రతి అమ్మకం మీదా పడింది. కాని కొన్నప్పుడు కట్టినది ఇన్‌పుట్ ట్యాక్స్ క్రెడిట్ రూపంలో వెనక్కి వచ్చింది. వ్యాపారుల వాడుకలో ఇది వట్టి ‘ఇన్‌పుట్’. సరుకులు ఎక్కువభాగం 4 శాతం, 12.5 శాతం రేట్లలో ఉండేవి. తరువాత ఇవి 5, 14.5 అయ్యాయి.

మొదట్లో 40 లక్షలు దాటిన వ్యాపారికి వ్యాట్ తప్పనిసరి. 5 లక్షల నుంచి 40 లక్షల వరకు ఉన్నవారు టర్నోవరు మీద ఒక శాతం కట్టే టీవోటీ డీలర్లు. వీరికి ఇన్‌పుట్ లేదు, ట్యాక్స్ ఇన్‌వాయిస్ ఇచ్చే హక్కూ లేదు. దీంతో టోకు వ్యాపారి గల్లా దగ్గర కొత్త ప్రశ్న మొదలైంది: బిల్లు టిన్ నంబరు (వ్యాట్ నమోదు సంఖ్య) మీదా, మామూలుదా? అప్పటిదాకా బిల్లు వద్దనే చిల్లర వ్యాపారి మొదటిసారిగా బిల్లు అడగడం తన లాభమని గ్రహించాడు. వ్యాట్ సాధించిన మేలు ఇదే, పెద్ద మేలు కూడా.

రాష్ట్రం బయట కొన్న సరుకు మీద కట్టిన కేంద్ర అమ్మకం పన్నుకు మాత్రం క్రెడిట్ లేదు. ఫ్యాక్టరీ దగ్గర పడిన ఎక్సైజు సుంకం కూడా ధరలో కలిసిపోయి, దాని మీదే వ్యాట్ పడేది. పన్ను మీద పన్ను సగం తగ్గింది, సగం మిగిలింది.

జీఎస్టీ: ఒక బిల్లు కథ

2017 జూలై 1 నుంచి అమలైన వస్తు సేవల పన్ను ఆ మిగిలిన సగాన్ని చాలావరకు తీసేసింది. రాష్ట్రంలోపల కొంటే బిల్లులో పన్ను రెండు భాగాలు: కేంద్రానికి సీజీఎస్టీ, రాష్ట్రానికి ఎస్‌జీఎస్టీ. వేరే రాష్ట్రం నుంచి కొంటే రెండూ కలిసి ఐజీఎస్టీ. టోకు బిల్లు పైన రెండు జీఎస్టీ నంబర్లు ఉంటాయి. పదిహేను అక్షరాల ఆ నంబరులో మొదటి రెండు అంకెలు రాష్ట్రానివి, తెలంగాణకు 36, ఆంధ్రప్రదేశ్‌కు 37. తరువాతి పది అక్షరాలు పాన్ నంబరు. కొనుగోలుదారు నంబరు తప్పు పడితే క్రెడిట్ అతనికి అందదు.

తెనాలిలోని కిరాణా కొట్టు విజయవాడ వన్‌టౌన్ టోకు వ్యాపారి దగ్గర ఐదు శాతం పన్ను ఉన్న సరుకు లక్ష రూపాయలకు కొన్నదనుకుందాం. సీజీఎస్టీ 2,500, ఎస్‌జీఎస్టీ 2,500 కలిపి బిల్లు 1,05,000. ఆ సరుకును 1,12,000కు అమ్మితే పన్ను 5,600. కొన్నప్పుడు కట్టిన 5,000 తీసేసి ప్రభుత్వానికి కట్టేది 600. తన 12,000 లాభం మీద ఐదు శాతం అంతే. అదే సరుకు హైదరాబాదు నుంచి తెస్తే 5,000 ఐజీఎస్టీగా పడుతుంది. ఆ క్రెడిట్‌ను ముందుగా ఐజీఎస్టీ బాకీకి, ఆపైన సీజీఎస్టీ, ఎస్‌జీఎస్టీలకు వాడుకోవచ్చు. సీ ఫారం కోసం తిరిగే రోజులు పోయాయి. సరుకు విలువ 50 వేలు దాటితే ఈ-వే బిల్లు ఉండాలి, సొంత వ్యానులో తెచ్చుకున్నా సరే.

చిన్న దుకాణాలకు ఇంకో తలుపు ఉంది. సరుకులు మాత్రమే అమ్మేవారికి 2019 ఏప్రిల్ నుంచి నమోదు పరిమితి 40 లక్షలకు పెరిగింది. ఆంధ్రప్రదేశ్ దాన్ని తీసుకుంది. తెలంగాణ 20 లక్షల దగ్గరే ఉండిపోయింది. కృష్ణానదికి అటూ ఇటూ ఒకే పరిమాణంలో ఉన్న రెండు కొట్లలో నాగార్జునసాగర్ దగ్గర తెలంగాణ వైపు ఉన్నది రిజిస్టరు కావలసి రావచ్చు, ఆంధ్ర వైపు ఉన్నది అక్కర్లేకపోవచ్చు. నమోదు లేని కొట్టు టోకు బిల్లులోని పన్నంతా ఖర్చుగా వేసుకుంటుంది.

కోటిన్నర లోపు ఉన్న వ్యాపారి కాంపోజిషన్ పథకంలో చేరవచ్చు. టర్నోవరు మీద ఒక శాతం కడితే చాలు. అయితే కొనుగోలు మీద క్రెడిట్ రాదు, కొనేవారి దగ్గర పన్ను పేరుతో వసూలు చేయకూడదు, వేరే రాష్ట్రానికి అమ్మకూడదు. ఒక శాతం అనగానే చవక అనిపిస్తుంది గాని లెక్క వేసి చూడాలి. పైన చెప్పిన తెనాలి కొట్టు కాంపోజిషన్‌లో ఉంటే కొన్న ఖర్చు 1,05,000. అదే 1,17,600కు అమ్మి ఒక శాతం కింద 1,176 కడితే మిగిలేది 11,424. మామూలు పద్ధతిలో 12,000 మిగిలేది. ఇక్కడ పథకం నష్టం. అదే పక్క వీధిలోని ఎలక్ట్రికల్ దుకాణం 18 శాతం పన్ను ఉన్న ఫ్యాన్లు లక్షకు కొని 1,18,000 కట్టి, వినియోగదారుకు 1,32,160కు అమ్మి 1,322 కడితే మిగిలేది 12,838. ఇక్కడ లాభం. తక్కువ రేటు సరుకు, పలుచని లాభం ఉన్న కిరాణాకు పథకం గిట్టదు. ఎక్కువ రేటు సరుకుకు గిట్టుతుంది. 2025 సెప్టెంబరు 22న చాలా నిత్యావసరాలు ఐదు శాతానికి దిగాక ఈ లెక్క చాలా కొట్లలో తలకిందులైంది. రిటర్నుల తలనొప్పి తగ్గుతుందని మాత్రమే ఇందులో ఉన్నవారు ఒకసారి ఆడిటరుతో కూర్చుని చూసుకోవాలి.

ఆ రేట్ల మార్పు నిల్వ సరుకు సమస్యనూ పైకి తెచ్చింది. 12, 28 శాతం శ్లాబులు పోయి సబ్బులు, తలనూనె, టూత్‌పేస్టు, బిస్కెట్లు 18 నుంచి 5కు వచ్చాయి. అంతకుముందే పదివేల విలువైన సబ్బులు కొని 1,800 పన్ను కట్టిన దుకాణం వాటిని 12,000కు అమ్మితే వచ్చే పన్ను 600. మిగిలిన 1,200 క్రెడిట్ లెడ్జరులో ఉంటుంది. వేరే సరుకుల పన్నుకు వాడుకోవచ్చు గాని నగదుగా వాపసు అడగడానికి వీల్లేదు. కాంపోజిషన్‌లో ఉన్న కొట్టుకు ఆ క్రెడిట్టూ లేదు. 18 శాతం పెట్టి కొన్నది, కంపెనీ తగ్గించిన ధరకు అమ్మాలి. డిస్ట్రిబ్యూటరు క్రెడిట్ నోటు ఇచ్చి ఆదుకుంటే సరి, లేకపోతే గల్లాకే దెబ్బ.

బియ్యం బస్తా సంగతి

టోకు ప్యాకింగ్ పన్నును ఎలా నిర్ణయిస్తుందో చూడాలంటే బియ్యం దుకాణానికి వెళ్లాలి. 2022 జూలై 18 నుంచి ముందే ప్యాక్ చేసి లేబులు వేసిన బియ్యం, పప్పులు, పిండి మీద ఐదు శాతం పడింది. 25 కిలోలు దాటిన ప్యాకెట్టుకు ఇది వర్తించదు. టోకు వ్యాపారి దగ్గర 50 కిలోల బస్తా తెచ్చి కిలోల చొప్పున తూచి అమ్మే కొట్టుకు కొనుగోలులోనూ పన్ను లేదు, అమ్మకంలోనూ లేదు. అయితే పది కిలోల సంచులు పదింటిని పెద్ద గోనెలో కట్టి పంపితే, లోపలివి చిల్లర ప్యాకెట్లే గనుక పన్ను పడుతుంది. నియమం వచ్చిన కొద్దికాలానికే తెలుగు రాష్ట్రాల బజార్లలో 25 కిలోల బస్తా పక్కకు తప్పుకుని 26 కిలోల బస్తా కనిపించడం మొదలైంది. ఒక్క కిలో బియ్యంతో పన్ను దాటించారు, అదీ చట్టబద్ధంగా.

ఇలా పన్ను లేని సరుకూ ఉన్న సరుకూ కలిపి అమ్మే కిరాణాకు మరో మెలిక ఉంది. దుకాణం అద్దె వంటి ఉమ్మడి ఖర్చుల మీద వచ్చే క్రెడిట్‌ను మొత్తంగా వాడుకోకూడదు. పన్ను లేని అమ్మకాల వాటా మేరకు వదులుకోవాలి.

పెట్రోలు, డీజిలు, తాగే మద్యం ఇంకా జీఎస్టీలోకి రాలేదు. వీటి మీద పాత పద్ధతిలో మొదటి అమ్మకం దగ్గరే రాష్ట్ర వ్యాట్ పడుతుంది. చమురు కంపెనీ బంకుకు అమ్మినప్పుడే పన్ను తీరిపోతుంది గనుక బంకు యజమాని తన కమీషను మీద మళ్లీ వ్యాట్ కట్టడు. ఏపీజీఎస్టీ కాలపు ఆలోచన చూడాలనుకునేవారికి అది బతికున్నది ఇక్కడే.

అమ్మినవాడు కట్టకపోతే

జీఎస్టీలో చిల్లర వ్యాపారికి క్రెడిట్ రావాలంటే బిల్లు చేతిలో ఉంటే చాలదు. సరుకు అందాలి. టోకు వ్యాపారి తన జీఎస్టీఆర్-1 రిటర్నులో ఆ బిల్లు చూపించాలి, సాధారణంగా మరుసటి నెల 11 లోపు. అది 14న తయారయ్యే జీఎస్టీఆర్-2బీ పట్టికలో కొనుగోలుదారుకు కనబడాలి. 2022 జనవరి నుంచి ఇది తప్పనిసరి. ఆపైన టోకు వ్యాపారి ఆ పన్నును నిజంగా ఖజానాకు కట్టాలి. ఆర్థిక సంవత్సరం ముగిశాక సెప్టెంబరు 30 నాటికి కూడా అతను పన్ను రిటర్ను వేయకపోతే, కొన్నవాడు తాను తీసుకున్న క్రెడిట్‌ను నవంబరు 30 లోపు వెనక్కి కట్టేయాలి. తరువాత అతను కడితే మళ్లీ తీసుకోవచ్చు.

బిల్లు తేదీ నుంచి 180 రోజుల్లో టోకు వ్యాపారికి డబ్బు చెల్లించకపోయినా క్రెడిట్ వడ్డీతో సహా వెనక్కి పోతుంది. నగదు వ్యాపారానికి ఇది పట్టదు. విత్తనాలు, పురుగుమందుల దుకాణాల పరిస్థితి వేరు. రైతుకు ఖాతా మీద ఇచ్చి పంట చేతికొచ్చాక వసూలు చేసుకుని, ఆ తరువాతే డిస్ట్రిబ్యూటరుకు కట్టే వ్యాపారంలో ఆరు నెలలు ఇట్టే గడిచిపోతాయి. చట్టం రాసినవారి కళ్ల ముందు ఖరీఫ్ సీజను ఉన్నట్టు లేదు. ఎలకలు కొట్టినా, గడువు తీరినా, దొంగలు ఎత్తుకుపోయినా ఆ సరుకు మీది క్రెడిట్ వదులుకోవలసిందే. మందుల దుకాణాలు గడువు తీరిన స్టాకును క్రెడిట్ నోటు మీదో, బిల్లు వేసో టోకు వ్యాపారికి తిప్పి పంపేది అందుకే.

నిజాయితీగా బిల్లు మీద కొన్నవాడు, అమ్మినవాడి ఎగవేతకు ఎందుకు బాధ్యుడు? వ్యాట్ కాలంలోనే ఇది కోర్టులకు ఎక్కింది. ఆన్ క్వెస్ట్ మర్చండైజింగ్ కేసులో 2017లో ఢిల్లీ హైకోర్టు నిజమైన కొనుగోలుదారును అలా శిక్షించకూడదని చెప్పింది. 2023 మార్చిలో ఈకామ్ గిల్ కాఫీ ట్రేడింగ్ కేసులో సుప్రీంకోర్టు కర్ణాటక వ్యాట్ చట్టం కింద తీర్పు ఇస్తూ, క్రెడిట్ అడిగేవాడే లావాదేవీ నిజమని రుజువు చేసుకోవాలని, బిల్లూ చెక్కూ చాలవని, సరుకు రవాణా అయిన ఆధారాలూ చూపాలని చెప్పింది. మొదటిది ఎగవేతను గురించినది, రెండోది బూటకపు కొనుగోళ్లను గురించినది. నోటీసుల్లో మాత్రం రెండూ తరచు ఒకటైపోతాయి.

ప్రతి బిల్లూ ప్రతి రిటర్నూ పోర్టల్‌లోనే ఉన్న ఈ రోజుల్లో ఎవరు కట్టలేదో శాఖకు కొట్టువాడి కన్నా ముందే తెలుస్తుంది. అయినా ముందుగా ఎగవేతదారును పట్టుకుని, అతను దొరకనప్పుడే కొన్నవాడి దగ్గరకు రావాలన్న క్రమం చట్టంలో లేదు. ఈ లోటు సవరించవలసినదే. అంతవరకు దుకాణదారులు చేయగలిగింది కొంత ఉంది: కొత్త టోకు వ్యాపారి నంబరును పోర్టల్‌లో వెతికి రిటర్నులు వేస్తున్నాడో లేదో చూడటం, లారీ రసీదులు, ఈ-వే బిల్లులు దాచుకోవడం, ప్రతి నెలా 14 తరువాత 2బీని కొనుగోలు బిల్లులతో సరిపోల్చి, కనబడని బిల్లు మేరకు పన్ను మొత్తాన్ని తరువాతి చెల్లింపులో ఆపడం. ఒక ఆర్థిక సంవత్సరంలోని బిల్లుకు క్రెడిట్ తీసుకునే గడువు ఆ తరువాతి నవంబరు 30, లేదా వార్షిక రిటర్ను వేసిన రోజు, ఏది ముందైతే అది. ఆ తేదీ దాటితే ఎంత పక్కా బిల్లు మీదైనా కట్టిన పన్ను ఇక దుకాణం ఖర్చే.